దిగే ముందే మోకు కట్టుకోండి: హైపర్‌ఫోకస్‌తో పని చేసుకోవడం ఎలా

"ఎన్నిసార్లు పిలిచాను, వినపడలేదా?" అన్న మాట మీరు చిన్నప్పటి నుంచీ వింటూనే ఉండి ఉంటారు. నిజంగానే వినపడలేదు. ఆ సంగతి చెబితే ఎవరూ నమ్మరు. ఏ పుస్తకంలోనో, కోడ్‌లోనో, బొమ్మలోనో, రైళ్ల టైంటేబుల్‌లోనో మునిగిపోయి తల ఎత్తేసరికి బయట చీకటి పడిపోయి ఉంటుంది. నోరు పిడచకట్టుకుపోయి, కాలు తిమ్మిరెక్కి ఉంటుంది. మర్నాడు అదే మనిషి ఒక చిన్న ఫారం ముందేసుకుని మూడు గంటలు కూర్చున్నా ఒక్క గడి నింపలేడు. చూసేవాళ్ల కంటికి ఇది బద్ధకం, లేదంటే మొండితనం.

ఏడీహెచ్‌డీ (ధ్యాసనీ తొందరపాటునీ అదుపు చేసుకోవడం కష్టమయ్యే స్థితి) ఉన్నవాళ్లూ, ఆటిజం ఉన్నవాళ్లూ, రెండూ ఉన్నవాళ్లూ తరచుగా చెప్పుకునే ఈ స్థితికే హైపర్‌ఫోకస్ అని పేరు. నాకు ఏడీహెచ్‌డీ ఉందని పెద్దయ్యాక తెలిసింది. అంతకుముందు చాలా ఏళ్లు దీన్ని క్రమశిక్షణతో అణచాలని చూశాను, కుదరలేదు. ఎందుకు కుదరలేదో అర్థమయ్యాక చేసుకున్న ఏర్పాట్లే ఇప్పుడు మీకు చెబుతున్నాను. మునిగి ఉన్నప్పుడు "ఇక చాలు, లేద్దాం" అని నిర్ణయించాల్సిన మనసు కూడా ఆ పనిలోనే మునిగి ఉంటుంది. ఒడ్డున నిలబడి చెయ్యి అందించడానికి మనలో ఇంకెవరూ మిగలరు. బావిలోకి దిగేవాడు నడుముకి మోకు కట్టుకునే దిగుతాడు, దిగాక కట్టుకుందాంలే అనుకోడు. మనం చేసుకోగలిగిందంతా దిగే ముందు ఉంది, పైకి వచ్చేటప్పుడు ఉంది. లోపల ఉండగా చేయగలిగింది దాదాపు ఏమీ లేదు.

ముందు, ఇదేమిటో కాస్త

ఏడీహెచ్‌డీ పేరులోనే "అటెన్షన్ డెఫిసిట్" ఉండటంతో ధ్యాస తక్కువని అందరూ అనుకుంటారు. మనకి ధ్యాసకి కరువు లేదు. దాన్ని ఎక్కడ నిలపాలి, ఎప్పుడు తీయాలి అన్న పగ్గమే చేతికి సరిగ్గా అందదు. పని ముఖ్యమని తెలిసినంత మాత్రాన ధ్యాస కదలదు. ఆసక్తో, కొత్తదనమో, సవాలో, తరుముకొచ్చే గడువో ఉంటే కదులుతుంది, కదిలి ఒకదాన్ని పట్టుకుందంటే ఇక వదలదు. మెదడులో ప్రేరణనీ ప్రతిఫలాన్నీ నడిపే డోపమైన్ వ్యవస్థ ఏడీహెచ్‌డీలో కాస్త వేరుగా పని చేయడం దీనికి ఒక కారణమని పరిశోధకులు భావిస్తున్నారు.

ఆటిజం వైపు నుంచి చూస్తే ఇంకో వివరణ ఉంది. డైనా మరే, మైక్ లెసర్, వెన్ లాసన్ అనే ముగ్గురు 2005లో రాసిన వ్యాసంలో దాన్ని మోనోట్రోపిజం అన్నారు. ఎవరికైనా ధ్యాస కొంతే ఉంటుంది. చాలామందిలో అది సన్నటి పాయలుగా చీలి నాలుగు వైపులా పారుతుంది. ఆటిజం ఉన్నవాళ్లలో ఎక్కువగా ఒకే పాయగా, లోతుగా పారుతుంది. ఆ పాయలో లేనిది, అంటే పక్క గదిలోంచి వచ్చే పిలుపు గానీ సొంత ఆకలి గానీ, మనదాకా రాదు. పారుతున్న దాన్ని ఉన్నట్టుండి అడ్డుకుంటే అంత బాధ ఎందుకో కూడా ఈ వివరణ చదివాకే నాకు అర్థమైంది.

డాక్టర్ దగ్గరికి వెళ్లేవాళ్లకి ఒక మాట. మానసిక స్థితుల నిర్ధారణకి డాక్టర్లు చూసే పుస్తకం, 2013లో వచ్చిన డీఎస్ఎం-5 లో ఆటిజం లక్షణాల కింద అసాధారణమైన తీవ్రత గల ఆసక్తుల ప్రస్తావన ఉంది. ఏడీహెచ్‌డీ లక్షణాల జాబితాలో మాత్రం హైపర్‌ఫోకస్ లేదు. ఒకే మనిషికి రెండూ ఉన్నట్టు నిర్ధారించవచ్చని ఒప్పుకున్నది కూడా ఆ 2013 నాటి సవరణే, అంతకుముందు కుదిరేది కాదు. కాబట్టి డాక్టర్ మిమ్మల్ని దీని గురించి అడగకపోవచ్చు. మీరే చెప్పండి. అలాగని పనిలో ఒళ్లు మరిచిపోయే ప్రతివాళ్లకీ ఏడీహెచ్‌డీ ఉన్నట్టు కాదు. ఈ అనుభవం అందరికీ ఎంతో కొంత ఉంటుంది, దాన్ని ప్రశ్నావళులతో కొలిచిన అధ్యయనాలు కూడా ఒకే మాట మీద లేవు.

మనస్తత్వ శాస్త్రవేత్త మిహాయ్ చిక్‌సెంట్‌మిహాయి 1970లలో వర్ణించిన "ఫ్లో"తో, అంటే పనిలో పూర్తిగా లీనమైపోయే స్థితితో, దీన్ని పోలుస్తుంటారు. రెండూ ఒకటేనా అన్నది పరిశోధకుల్లో ఇంకా తేలలేదు. నా అనుభవంలో తేడా ఒక్కచోటే తెలుస్తుంది. ఫ్లోలో ఉన్న మనిషి కావాలనుకుంటే లేవగలడు. మనం లేవాలని అనుకోవడం దగ్గరే చిక్కుకుపోతాం.

మొదటి అడుగు: వారం రోజులు ఊరికే గమనించండి

ఈ వారం ఏమీ మార్చుకోవద్దు. మునిగి తేలిన ప్రతిసారీ, తేలాక, నాలుగు ముక్కలు రాయండి: ఏ పనిలో మునిగారు, సుమారుగా ఎప్పుడు మొదలైంది, మిమ్మల్ని బయటికి తెచ్చింది ఏది, లేచేటప్పటికి ఒళ్లూ మనసూ ఎలా ఉన్నాయి. నోట్‌బుక్కే వాడండి. ఫోన్‌లో రాయబోతే ఫోన్ ఇంకో చోటికి లాక్కుపోతుంది.

వారం తర్వాత చదువుకుంటే మునకలన్నీ ఒక రకం కావని మీకే కనపడుతుంది. కొన్నింటి నుంచి అలిసిపోయి లేచినా కడుపు నిండినట్టుంటుంది. కొన్నింటి నుంచి, ముఖ్యంగా చివర అంటూ లేని వీడియోల వరస నుంచి, ఖాళీగా, చిరాగ్గా లేస్తాం. మూడో రకం కాస్త దాక్కుని ఉంటుంది. భయపెట్టే పని ఒకటి ఉన్నప్పుడు దాని పక్కనున్న ఇంకో పనిలో మునిగిపోవడం. పరీక్షకి చదవాల్సిన రాత్రి అలమర మొత్తం సర్దడం లాంటిది. అది చేస్తుంటే పని చేస్తున్నట్టే ఉంటుంది, అందుకే పట్టుకోవడం కష్టం. ఈ మూడింటికీ ఒకే మందు పనికిరాదు. మొదటి రకాన్ని కాపాడుకోవాలి, రెండో దానికి గుమ్మంలోనే అడ్డు పెట్టాలి. మూడో రకం కనపడితే ఆ భయపెట్టే పని సంగతి చూడాలి.

ఇంకోటి కూడా వెతకండి. దిగబోయే ముందు మీ ఒంట్లో ఏదో ఒక గుర్తు ఉంటుంది. నేనైతే ముందుకి వంగి, ఒక కాలు మడిచి కిందేసుకుని కూర్చుంటాను. ఫ్యాన్ చప్పుడు వినపడటం మానేస్తుంది. కొందరు గోళ్లు కొరుకుతారు, కొందరు చదువుతున్నది పైకి గొణుగుతారు. ఇంట్లోవాళ్లని అడగండి, వాళ్లకి మీకంటే బాగా తెలుసు. ఆ గుర్తు కనిపించాక రెండు మూడు నిమిషాలే మిగిలి ఉంటాయి, మోకు కట్టుకోవడానికి ఆఖరి అవకాశం అదే.

రెండో అడుగు: మోకు

ఒక గట్టి కార్డు తీసుకుని, కింద ఉన్నవి పెద్ద అక్షరాలతో రాసి, మీరు మునిగే చోటే అంటించండి. కంప్యూటర్ దగ్గరైతే తెర అంచుకి, కుట్టుపని అయితే మెషీన్ మీద.

పొయ్యి ఆపి ఉంది.
నీళ్లూ, తినడానికి ఏదో ఒకటీ చేతికందేంతలో ఉన్నాయి.
బాత్రూమ్‌కి వెళ్లొచ్చాను.
ఈ పూట వేసుకోవాల్సిన మందు వేసుకున్నాను.
ఎన్నింటికి లేస్తానో ఇంట్లో ఒకరికి చెప్పాను.

పొయ్యిని మొదట రాయడానికి కారణం ఉంది. ఒక సాయంత్రం గిన్నె పొయ్యి మీద పెట్టి, అది మరిగేలోపు ఒక లెక్క చూసుకుందామని కూర్చున్నాను. తల ఎత్తేసరికి వంటిల్లంతా పొగ. గిన్నె అడుగు ఎర్రగా కాలిపోయింది. నాకేమీ కాలేదు, ఇంట్లో వేరే ఎవరూ లేరు. కానీ ఆ వాసన నాకు చాలా దగ్గరగా వచ్చేదాకా తెలియలేదన్న సంగతి నన్ను ఇప్పటికీ కుదురుగా ఉండనివ్వదు. ఆ రోజు నుంచి పొయ్యి వెలుగుతుంటే నేను కుర్చీలో కూర్చోను, నిలబడే ఉంటాను. మీరూ ఈ ఒక్క నియమం దగ్గర మాత్రం రాజీ పడకండి. స్నానాల గదిలో కుళాయి, ఇస్త్రీ పెట్టె, పసిపిల్లల బాధ్యత కూడా ఈ లెక్కలోకే వస్తాయి. పసిపిల్లని చూసుకోవాల్సిన సమయంలో ఇష్టమైన పని తెరవకూడదు. "ఐదు నిమిషాలే" అన్న మాట మన విషయంలో ఎప్పుడూ నిజం కాలేదు.

ఆకలి, దాహం అయినప్పుడు తింటాంలే, తాగుతాంలే అనుకోవద్దు. ఏడీహెచ్‌డీ, ఆటిజం ఉన్న చాలామందికి ఒంటి లోపలి సంకేతాలు ఆలస్యంగా తెలుస్తాయి, లేదా ఒకేసారి ముంచుకొస్తాయి. మిథైల్‌ఫెనిడేట్ లాంటి ఏడీహెచ్‌డీ మందులు ఆకలిని ఇంకా తగ్గిస్తాయి. మందు వేసుకునే ముందు కడుపు నిండా తినడం, తర్వాత గడియారం చూసి తినడం, ఈ రెండూ అలవాటు చేసుకోవాలి. పక్కన పెట్టుకునేది ఒక చేత్తో, చూడకుండా తినగలిగేదై ఉండాలి. ఒలుచుకోవాల్సిందైతే అది అలాగే ఉండిపోతుంది.

కార్డు కింద ఒక వాక్యానికి చోటు ఉంచండి. "ఫలానాది జరిగితే ఫలానాది చేస్తాను" అన్న రూపంలో ఉండాలి అది. "రెండో అలారం మోగితే చేతిలో ఉన్నది కింద పెట్టి లేచి నిలబడతాను" లాంటిది. పీటర్ గోల్విట్జర్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త 1990లలో ఇలాంటి వాక్యాల మీద పని చేశాడు. "ఈరోజు త్వరగా లేస్తాను" లాంటి సంకల్పం కన్నా ఇవి ఎక్కువ పని చేస్తాయని తేలింది. ఏడీహెచ్‌డీ ఉన్న పిల్లలతో చేసిన ప్రయోగాల్లోనూ ఉపయోగపడ్డాయి. ఇందులో నాకు నచ్చింది ఏమిటంటే, నిర్ణయం ముందే అయిపోతుంది. ఆ క్షణంలో మనం తీసుకోవాల్సింది ఏమీ ఉండదు.

మూడో అడుగు: మీ చెయ్యి ఆపలేని అలారం

ఫోన్ పక్కనే పెట్టుకుని అలారం పెడితే ఏమవుతుందో మీకు తెలుసు. చెయ్యి తనంతట తాను వెళ్లి ఆపేస్తుంది. మోగినట్టు కూడా గుర్తుండదు. అందుకని ఫోన్‌ని లేచి నడిస్తే తప్ప అందని చోట పెట్టండి. కాళ్ల మీద నిలబడటమే సగం బయటికి రావడం.

రెండు అలారాలు పెట్టుకోవాలి. మొదటిది లేవడానికి పదిహేను నిమిషాల ముందు మోగాలి. అది ఆపమని చెప్పదు, దిగడం మొదలుపెట్టమని చెబుతుంది, విమానం నేలకి దిగే ముందు చేసే ప్రకటన లాగా. రెండోది లేవడానికి. రెండింటికీ వేరు వేరు శబ్దాలు పెట్టండి, అలారం పేరు దగ్గర చేయాల్సిన పనే రాయండి: "లే, నీళ్లు తాగు, చెప్పులు వేసుకో." వట్టి "టైమ్ అయింది" అని ఉంటే దేనికి టైమ్ అయిందో ఆలోచించాలి, ఆ ఆలోచించే ఓపిక అప్పుడు ఉండదు. రెండు మూడు వారాలకోసారి శబ్దం మార్చండి. అలవాటైన శబ్దాన్ని మెదడు గోడ గడియారం టిక్‌టిక్‌లా పక్కన పడేస్తుంది.

శబ్దాలు భరించలేనివాళ్లు గట్టి అలారం జోలికి వెళ్లవద్దు. ఉలిక్కిపడి లేస్తే ఆ తర్వాత గంటసేపు మనిషి మనిషిలా ఉండరు. చేతి గడియారంలో వైబ్రేషన్, టైమర్ ప్లగ్‌కి పెట్టిన దీపం, ఎర్రటి వృత్తం కొంచెం కొంచెంగా తరిగిపోయే టైమర్, ఇవన్నీ మెత్తగా పని చేస్తాయి. చార్జర్ ఇంకో గదిలో వదిలేసి ల్యాప్‌టాప్ మీద కూర్చోవడం కూడా ఒక అలారమే. వీటన్నిటికన్నా నమ్మకమైనది మనిషి. ఎలా పిలవాలో ముందే మాట్లాడుకున్న మనిషి ఉంటే ఇంకా మంచిది.

25 నిమిషాల పని, చిన్న విరామం అనే పొమోడోరో పద్ధతిని చాలామంది సలహా ఇస్తారు. 1980ల చివర్లో ఫ్రాంచెస్కో చిరిల్లో టమాటా ఆకారంలో ఉన్న వంటింటి టైమర్‌తో మొదలుపెట్టిన పద్ధతి అది. మొదలుపెట్టడానికే మనసు రాని విసుగు పనులకి అది మంచిదే, నేనూ వాడతాను. ఇష్టమైన లోతైన పనికి మాత్రం వద్దనే చెబుతాను. మనకి దిగడానికే ఇరవై నిమిషాలు పడుతుంది. దిగీ దిగగానే పైకి లాగితే పనీ కాదు, చిరాకూ మిగులుతుంది. నేను గంటన్నరకి పెట్టుకుంటాను. మీకెంతో మీ వారం నోట్సు చెబుతుంది.

కళ్లకి ప్రతి 20 నిమిషాలకోసారి 20 అడుగుల దూరంలో ఉన్నదాన్ని 20 సెకన్లు చూడమని కంటి డాక్టర్లు చెబుతారు. మునిగి ఉన్నవాళ్లు అది లెక్కపెట్టుకోలేరు. పేజీ తిప్పినప్పుడు, ఫైల్ లోడ్ అవుతున్నప్పుడు కిటికీలోంచి బయటికి చూడటం అలవాటైతే చాలావరకు సరిపోతుంది.

నాలుగో అడుగు: పైకి రావడం

అన్నిటికన్నా కష్టమైనదీ, ఎవరూ నేర్పనిదీ ఇదే. హైపర్‌ఫోకస్ గురించి మాట్లాడేవాళ్లంతా ఎలా మునగాలో చెబుతారు, ఎంత గొప్పదో చెబుతారు. ఎలా తేలాలో చెప్పరు.

మొదటి అలారం మోగాక మీ చేతులు చేయాల్సింది ఒక్కటే పని, మూడు వాక్యాలు రాయడం. ఎక్కడ ఉన్నాను, ఏమనుకుంటున్నాను, తిరిగి రాగానే మొదట ఏం చేయాలి. ఒక ఉదాహరణ: "రెండో పట్టికలో మొత్తం కలవడం లేదు. ఏప్రిల్ వరసలో ఒక అంకె రెండుసార్లు పడిందని అనుమానం. తెరవగానే ఆ వరస చూడాలి." ఇంతే. ఇది ఎంత పని చేస్తుందో చేసి చూస్తే గానీ నమ్మబుద్ధి కాదు. మనం లేవలేకపోవడానికి సగం కారణం, లేస్తే ఆలోచనల దారం తెగిపోతుందన్న భయం. ఆ భయం ఊహ కూడా కాదు, మనకి నిజంగానే తెగిపోతుంది. దారం కొసని కాగితం మీద ముడి వేశాక మనసు పట్టు సడలిస్తుంది. ఒక పని వదిలి ఇంకో పనికి వెళ్లాక కూడా ధ్యాసలో కొంత పాతదాన్నే అంటిపెట్టుకుని ఉంటుందని సోఫీ లెరాయ్ అనే పరిశోధకురాలు 2009లో చూపించింది. మధ్యలో ఆపాల్సి వచ్చినవాళ్లు తిరిగి ఎక్కడ మొదలుపెట్టాలో ఒక నిమిషం రాసుకుంటే ఆ అంటు తగ్గుతుందని 2018లో థెరీసా గ్లోంబ్‌తో కలిసి చేసిన పనిలో తేలింది. అది ఆఫీసుల్లో పనిచేసే మామూలు మనుషుల గురించి. మనకి అది ఇంకా ఎక్కువ అవసరం.

"ఈ ఒక్కటీ అయిపోనీ" అన్న మాట వినపడితే జాగ్రత్త పడండి. ఆ ఒక్కటి అయ్యాక ఇంకొకటి ఉంటుంది. పని పూర్తయిన చోట ఆగడం కన్నా, తర్వాత ఏం చేయాలో స్పష్టంగా తెలిసిన చోట, సగంలో ఆగడం మంచిది. మధ్యలో ఆపించిన పనిని మనుషులు ఎవరూ చెప్పకుండానే తిరిగి అందుకుంటారని మరియా ఓవ్‌సియాంకినా అనే మనస్తత్వ శాస్త్రవేత్త 1928లోనే గమనించింది. మొదలుపెట్టడమే గండంగా ఉండే మనకి, రేపటి కోసం సగం వాక్యం వదిలి పెట్టుకోవడం పెద్ద సాయం.

తర్వాత ఒంటికి పని చెప్పండి. ప్రతిసారీ అదే వరస: నిలబడటం, నీళ్లు తాగడం, మొహం కడుక్కోవడం, గది దాటి నాలుగడుగులు వేయడం. ఎందుకు చేస్తున్నామని ఆలోచించాల్సిన అవసరం లేనంత మామూలు పనులై ఉండాలి. ఈ పది నిమిషాల్లో ఫోన్ ముట్టుకోవద్దు. అది పక్క బావి.

ఇలా లేవలేకపోవడాన్ని ఆటిజం ఉన్నవాళ్లు జడత్వం అంటారు, భౌతికశాస్త్రంలో వాడే అర్థంలోనే. కదులుతున్నది కదులుతూనే ఉంటుంది, ఆగి ఉన్నది ఆగే ఉంటుంది. లేవాలని తెలిసి, లేవాలని ఉండి కూడా లేవలేని స్థితి ఒకటి ఉంది. దాన్ని సంకల్పబలం తక్కువ అనకండి, అననివ్వకండి. అలాంటప్పుడు మొత్తం ఒళ్లు లేపాలని చూడకుండా ఒక్క వేలు కదపండి, ఆ తర్వాత చెయ్యి, ఆ తర్వాత పాదం నేల మీద నొక్కడం. పక్కన ఎవరైనా ఉంటే "నన్ను ఒకసారి లేపు" అని అడగండి. అడగడానికి మాట రాకపోతే ముందే ఒక సైగ అనుకుని ఉంచుకోండి.

లేచిన పావుగంటలో మాటలు ముక్కలుగా వస్తాయి, చిన్న శబ్దానికి కోపం వస్తుంది. ఆ సమయంలో మీటింగ్ పెట్టుకోవద్దు, గొడవ పడే విషయం ఎత్తవద్దు, డ్రైవింగ్ చేయవద్దు. చాలా గంటలు మునిగిన మర్నాడు మెదడు మొద్దుబారినట్టు ఉండటం కూడా నేను చాలాసార్లు చూశాను. ఇప్పుడు ఆ మర్నాటికి బట్టలు మడవడం, బిల్లులు కట్టడం లాంటివే పెట్టుకుంటాను.

ఐదో అడుగు: కావాలని దిగడం

పిలవగానే వచ్చేది కాదు ఇది. వచ్చే వీలు మాత్రం కల్పించవచ్చు. పనిలో మీకు నిజంగా ఆసక్తి కలిగించే ఒక్క కొస వెతకండి. నివేదిక మొత్తం విసుగే అయినా అందులో ఒక పటం గీయడం మీకు ఇష్టమైతే అక్కణ్నించే మొదలుపెట్టండి, మొదటి పేజీతోనే మొదలుపెట్టాలని ఎవరూ శాసించలేదు. ఒకే చోటు, ఒకే కుర్చీ, ఒకే పాట మళ్లీ మళ్లీ వాడితే ఒంటికి అది గుర్తుగా మారుతుంది. ఇంకో మనిషి పక్కన కూర్చుని తన పని తాను చేసుకుంటుంటే మన పని సాగడం కూడా చాలామంది అనుభవం, వీడియో కాల్‌లోనైనా సరే.

తప్పనిసరి పనిని ఇష్టమైన పని తర్వాత పెట్టుకోవద్దు. మునిగాక ఆ రెండో పని ఉన్నట్టే గుర్తుండదు.

మునగకూడని బావులు

చివర లేని వాటికి మనం చివర కట్టాలి. వీడియోల వరసలు, వార్తల వరసలు, ఒక లింకు నుంచి ఇంకో లింకుకి పోయే రాత్రి చదువులు. వీటిలో ఆగే చోటు అంటూ ఉండదు. పుస్తకానికి అధ్యాయం ఉంటుంది, ఆటకి లెవెల్ ఉంటుంది, అల్లికకి వరస ఉంటుంది. ఎంచుకునే వీలుంటే సాయంత్రం దాటాక మెట్లున్న బావిలోకే దిగండి. యాప్ తీసేయడం, ప్రతిసారీ పాస్‌వర్డ్ కొట్టాల్సి వచ్చేలా చేయడం, పడకగదిలో చార్జర్ లేకుండా చూసుకోవడం, ఇవి చిన్న అడ్డంకులే. దిగకముందు మాత్రం చిన్న అడ్డంకి కూడా సరిపోతుంది.

నిద్రకి ముందు రెండు గంటల్లో కొత్త ఆసక్తి ఏదీ తెరవకండి. తట్టిన ఆలోచనని కాగితం మీద రాసి పెట్టండి. పొద్దున్నకి దాని మీద ఆసక్తి మిగలకపోతే, పోనివ్వండి.

ఇంట్లోవాళ్లకి

ఈ భాగం మీ అమ్మకో, భర్తకో, భార్యకో చూపించండి.

దూరం నుంచి గట్టిగా, మళ్లీ మళ్లీ పిలవద్దు. ఆ మనిషి కంటికి కనపడేలా పక్కకి వచ్చి ఒక్క క్షణం ఆగండి. భుజం మీద చెయ్యి వేయవచ్చా లేదా అన్నది ముందే మాట్లాడుకోండి. కొందరికి స్పర్శ అస్సలు పడదు. పిల్లలైతే ముందు వాళ్లు చేస్తున్నదాని గురించే అడగండి.

"ఏం కడుతున్నావు చిన్నా?"

"వంతెన అమ్మా. ఈ స్తంభం నిలబడట్లేదు."

"సరే, ఆ స్తంభం నిలబెట్టి రా. వంతెన ఇక్కడే ఉంటుంది, ఎవరూ తీయరు."

"ఇంకో పది నిమిషాలు" అంటే పిల్లలకే కాదు, మనలో చాలామంది పెద్దవాళ్లకి కూడా దాని కొలత తెలియదు. "ఈ స్తంభం అయ్యాక" అంటే తెలుస్తుంది. ఎవరూ తీయరని చెప్పిన మాట నిలబెట్టుకోవడం అన్నిటికన్నా ముఖ్యం. ఒకసారి తీసేశారంటే తర్వాతిసారి ఆ పిల్లవాడు లేవడు.

ఇష్టమైన దాన్ని లాక్కోవడాన్ని శిక్షగా వాడటం నాకు చాలా తప్పనిపిస్తుంది. రోజంతా తనకి పడని శబ్దాల మధ్య, అర్థం కాని నియమాల మధ్య గడిపి వచ్చిన పిల్లకి ఆ ఇష్టమే విశ్రాంతి. సమయం హద్దులు పెట్టండి, ఇష్టాన్ని ముట్టుకోకండి.

ఒక హెచ్చరిక. పలకకుండా ఉండటం ప్రతిసారీ హైపర్‌ఫోకస్ కాదు. చేస్తున్న పని ఉన్నట్టుండి ఆగిపోయి, చూపు నిలిచిపోయి, ముట్టుకున్నా కొన్ని సెకన్లు స్పందన లేకుండా, మళ్లీ ఏమీ జరగనట్టు పనిలో పడితే అది ఒక రకం మూర్ఛ కావచ్చు. రోజుకి చాలాసార్లు జరగవచ్చు. కుదిరితే ఫోన్‌లో వీడియో తీసి న్యూరాలజిస్ట్‌కి చూపించండి. హైపర్‌ఫోకస్‌లో పని సాగుతూనే ఉంటుంది, తాకితే మనిషి తిరిగి చూస్తాడు. అలాగే, పెద్దవాళ్లెవరైనా రోజుల తరబడి నిద్ర అవసరమే లేనట్టు, విపరీతమైన ఉత్సాహంతో, మాట వేగం పెరిగి, డబ్బు లెక్క లేకుండా ఖర్చు పెడుతుంటే అది వేరే సంగతి. సైకియాట్రిస్ట్ దగ్గరికి వెంటనే వెళ్లాలి.

మీకు మధుమేహం ఉండి ఇన్సులిన్ వాడుతుంటే, భోజనాలు తరచూ తప్పిపోతుంటే, బరువు తగ్గుతుంటే, ఆ మాట మీ డాక్టర్‌కి ఉన్నదున్నట్టు చెప్పండి. మందు వేళలు మార్చడం వాళ్ల చేతిలో పని.

మోకు తెగినప్పుడు

తెగుతుంది. తెల్లవారుజాము మూడింటికి తల ఎత్తుతారు. కళ్లు మండుతుంటాయి, పొద్దున్న వెళ్లాల్సిన చోటు గుర్తొస్తుంది. అప్పుడు మిమ్మల్ని మీరు తిట్టుకోవడం మొదలుపెడితే ఇంకో గంట పోతుంది, నిద్ర కూడా పోతుంది. నీళ్లు తాగండి. ఏదైనా కొంచెం తినండి. మూడు వాక్యాలు రాసి మూత పెట్టండి. ఎవరినైనా ఎదురుచూడబెట్టి ఉంటే, "నీ ఫోన్ వినపడలేదు, పనిలో మునిగిపోయాను, తప్పు నాదే, పొద్దున్న తొమ్మిదింటికి చేస్తాను" అని ఒక్క మెసేజ్ పెట్టి పడుకోండి.

పొద్దున్న ఆ కార్డు తీసి చూడండి. అలారం పక్క గదిలోనే ఉందా, వినపడలేదా, విని ఆపి మళ్లీ కూర్చున్నారా, అసలు ఆ రాత్రి కార్డు చూశారా? ఏది తప్పిందో తెలిస్తే దాన్ని ఒక వరసగా కార్డు కింద రాసుకోండి. నా కార్డు మీద ఇప్పుడు తొమ్మిది వరసలు ఉన్నాయి. ఆఖరిది మొన్ననే చేర్చాను: "అలారం ఆపాక మళ్లీ కుర్చీ దగ్గరికి రావద్దు, అటు నుంచి అటే బాల్కనీలోకి."